అతను నలిగిపోయాడని అనకండి

తెల్లదొరలకు పనిచేసిన గూఢచారి మాట ఎత్తితే చాలు, "పాపం, ఇటు రక్తసంబంధం, అటు తిన్న ఉప్పు, ఎంత నలిగిపోయాడో" అంటారు. అది విన్నప్పుడల్లా కృపాల్ సింగ్ గుర్తొచ్చి నాకు కడుపు మండుతుంది.

1915 ఫిబ్రవరి. లాహోర్ పక్కన మియాన్ మీర్ కంటోన్మెంట్. అక్కడి సిపాయిలతో కలిసి 21న తిరగబడాలని అమెరికాలోని భారతీయులు తెల్లవాళ్ల పాలన కూల్చడానికి పెట్టుకున్న గదర్ పార్టీ వాళ్లు ముహూర్తం పెట్టుకున్నారు. పోలీసులకు లోపలి మనిషి కావాలి. 23వ గుర్రపు దళంలో ఉన్న బల్వంత్ సింగ్‌కి వరసకు సోదరుడైన కృపాల్ దొరికాడు. గదర్ వాళ్లకి అనుమానం వచ్చి తేదీని 19కి జరిపారు. ఆ కబురూ పోలీసులకు చేరిపోయింది. సిపాయిల చేతుల్లోంచి ఆయుధాలు లాగేసుకున్నారు.

కుటుంబం ఒకవైపు, కొలువు ఒకవైపు లాగాయంటాం. అసలు ఇక్కడ ఆ రెండూ ఎదురెదురుగా ఎక్కడున్నాయి? పోలీసులు అతని దగ్గర కొన్నదే ఆ చుట్టరికాన్ని. అది లేకపోతే వాళ్లకి అతను దమ్మిడీకి కొరగాడు. ఊళ్లోకి తెల్లవాడు వస్తే కుక్కలు మొరుగుతాయి, బావమరిది వస్తే మంచం వాల్చి మంచినీళ్లిస్తారు. దొరలకి ఈ సంగతి మనకంటే బాగా తెలుసు. తోటివాళ్లని పట్టిచ్చి అప్రూవర్‌గా మారితే క్షమాపణ అని 1898 నాటి క్రిమినల్ ప్రొసీజర్ కోడ్‌లోనే రాసి పెట్టుకున్నారు.

అతనికి రాత్రిళ్లు నిద్ర పట్టలేదేమో, సరే. అదే ఏడాది నవంబర్ 16న లాహోర్ జైల్లో ఏడుగురు గదర్ వాళ్లని ఉరి తీశారు. అందులో కర్తార్ సింగ్ సరాభాకి 19 ఏళ్లు. చిన్నప్పుడే తండ్రి పోతే తాత పెంచిన పిల్లాడు. చదువుకోమని అమెరికా పంపితే దేశం కోసం తిరిగొచ్చాడు. మరి ఆ ముసలాయన ఎంత నలిగాడో ఒక్కరైనా అడిగారా?

"ఉద్యోగం కదా, ఏం చేస్తాడు" అని ఇంకో మాట. 1930 ఏప్రిల్ 23న పెషావర్‌లో ఆయుధాల్లేని జనం మీద కాల్చమంటే తెల్లదొరల సైన్యంలోనే ఉన్న చంద్రసింగ్ గఢ్వాలీ, ఆయన సిపాయిలు కాల్చలేదు. ఆయనదీ జీతం మీద బతికే బతుకే. కొలువు పోయింది, యావజ్జీవ శిక్ష పడింది, 1941 దాకా జైల్లోనే ఉన్నాడు. ఆ రోజు బజారులో ఎదురుగా నిలబడ్డ పఠాన్లు ఆయనకి చుట్టాలు కూడా కారు.