ఆకుపచ్చ స్కార్ఫు అర్థశాస్త్రం

2009 ఫిబ్రవరి 13న అమెరికాలో రెండు ఘనకార్యాలు జరిగాయి. మాంద్యంలో పడ్డ ఆర్థిక వ్యవస్థను లేపేందుకు తెచ్చిన 787 బిలియన్ డాలర్ల ఉద్దీపన బిల్లుకు కాంగ్రెస్ ఉభయసభలూ ఆమోదముద్ర వేశాయి. ‘కన్ఫెషన్స్ ఆఫ్ ఎ షాపహాలిక్’ థియేటర్లకొచ్చింది. మొదటిది ఆర్థిక విధానం. రెండోది మాత్రం రొమాంటిక్ కామెడీ అట! జనం ఉద్యోగాలు పోగొట్టుకుంటుంటే ఈ షాపింగ్ సినిమా ఏమిటని విమర్శకులు విసుక్కున్నారు కూడా. రెండింటి కథా ఒకటేనయ్యా, చేతిలో డబ్బు లేనప్పుడే గట్టిగా ఖర్చుపెట్టాలన్నది!

కథానాయిక రెబెకా (ఐలా ఫిషర్) న్యూయార్క్ పిల్ల. కార్డుల మీద అప్పు 16 వేల డాలర్ల పైచిలుకు. షాపు అద్దాల్లోంచి బొమ్మలు ఆమెను పలకరిస్తుంటాయి. అప్పట్లో అది గ్రాఫిక్స్. ఇప్పుడు ‘మీ కార్టులో మూడు వస్తువులు మీకోసం ఎదురుచూస్తున్నాయి’ అని నా ఫోను అర్ధరాత్రి లేపి మరీ చెబుతోంది.

ఆకుపచ్చ స్కార్ఫు ఘట్టం చూడండి. ఖరీదు 120 డాలర్లు. కాస్త నగదు, కాస్త ఈ కార్డు మీద, కాస్త ఆ కార్డు మీద. చివరి కార్డు మొరాయించింది. వెంటనే హాట్‌డాగ్ బండి దగ్గరకు పరుగు. చెక్కు రాసిస్తాను, నగదు ఇమ్మని బతిమాలుతుంది. స్కార్ఫు తనక్కాదట, జబ్బుపడ్డ అత్తయ్యకట. తక్కువైన 20 డాలర్లు పక్కనున్న పెద్దమనిషి ఇచ్చేస్తాడు. ఎవరాయన? పొదుపు పత్రిక ఎడిటరు! ఆ పత్రికలోనే ఈమె జనానికి డబ్బు జాగ్రత్తలు చెప్పే కాలమిస్టు అవుతుంది. తప్పేముంది? మునిగినవాడికే కదా లోతు తెలిసేది.

ఆమెకు నిగ్రహం లేదనడం కూడా అన్యాయం. క్రెడిట్ కార్డును మంచుగడ్డలో బంధించి ఫ్రీజర్‌లో పెట్టింది. తర్వాత ఆ గడ్డను హైహీల్‌తో బద్దలుకొట్టిందనుకోండి, అది వేరే విషయం. మన ఫిక్స్‌డ్ డిపాజిట్లు మాత్రం గడువుదాకా ఉంటున్నాయా?

అసలు కిటుకు చివర్లో ఉంది. బట్టలన్నీ అమ్మకానికి పెడుతుంది. ఊళ్లో ఆడవాళ్లు ఎగబడి కొంటారు. స్కార్ఫు వేలంలో పోతుంది. అప్పు కోసం వెంటపడుతున్న వసూళ్లవాడికి బాకీ చిల్లర నాణేలతో సహా చెల్లు. ప్రేక్షకులు కళ్లు తుడుచుకుంటారు, అమ్మాయి మారిపోయిందని. మారింది కాదనను. కానీ ఆ చొక్కాలు, బూట్లు సంచుల్లో వేసుకుపోయినవాళ్లు ఏ కార్డు గీకారో కెమెరా చూపించదు. దీన్నే బ్యాంకింగ్ భాషలో రుణ బదిలీ అంటారు. పల్లెల్లో దిష్టి తీసి నాలుగు రోడ్ల కూడలిలో పడేయడం అంటారు.

ఆఖర్న రెబెకా ఏమీ కొనకుండా షాపు ముందు నుంచి నడిచిపోతుంటే అద్దాల్లో బొమ్మలు చప్పట్లు కొడతాయి. ఆమె గెలిచినందుకని అందరూ అనుకున్నారు. బొమ్మలకు ఆ సంతోషం ఎందుకు? ఒక్క గిరాకీ పోయింది, ఊరంతా తగులుకుంది.