మహారాజశ్రీ ఫౌండేషన్ బ్రష్షు గారి దివ్యసముఖమునకు

అయ్యా,

ఉభయకుశలోపరి అని మొదలుపెట్టడం మర్యాద. కానీ కుశలం ఒకవైపే ఉంది, అది తమరి వైపు. ఇప్పుడే తమరిని ఏసీ గదిలో, ఫ్యాన్ కింద, టర్కీ తువ్వాలు మీద పడుకోబెట్టి వచ్చాను. తల కాస్త పల్లంలో ఉండేలా తువ్వాలు మడిచి మరీ పెట్టాను. నాన్నకి ఆపరేషన్ అయినప్పుడు కూడా తలగడ ఇంత శ్రద్ధగా సర్దలేదని అమ్మ సణుగుతోంది.

మొన్న గాజువాక పెళ్ళిలో తమరు వెలగబెట్టిన ఘనకార్యం గురించే ఈ లేఖ. తెల్లవారుజాము ముహూర్తం. పెళ్ళికూతురికి బేస్ అయింది, పౌడరు అయింది, సెట్టింగ్ స్ప్రే కూడా కొట్టేశాను. పూలజడ కుట్టే ఆవిడ పక్కన రెడీగా నిలబడింది. సరిగ్గా అప్పుడు పెళ్ళికూతురి పిన్ని రింగ్ లైటు పక్కనుంచి తొంగిచూసి, "ఓలమ్మో, మా గుంటకి మీసం మొలిచినట్టుందేటి!" అంది. మెల్లిగా అన్నా బాగుండేది. గదిలో ఉన్న ఆడవాళ్ళందరూ ఒక్కసారి వంగి చూశారు. పై పెదవి మీద, ఎడమవైపు, తమరి వెంట్రుక. నల్లటి మొదలు, తెల్లటి కొస. ఫౌండేషన్ పొర కింద హాయిగా పడుకుని ఉంది. ట్వీజరుతో లాగితే అదొక్కటే రాలేదు, దాని పొడుగునా బేస్ కూడా లేచొచ్చింది. దాన్ని సరిచేద్దామని మళ్ళీ తమరినే పెడితే, లోపల దాచుకున్న తడంతా అక్కడ వదిలి బుగ్గ దాకా చార గీశారు. చివర్లో పేమెంట్ ఇస్తూ ఆ పిన్నిగారు, "మీసం తీసినందుకు వేరేగా అడగవు కదేటమ్మా?" అంది. నవ్వాను. నవ్వక ఏం చేస్తాను?

తమరి పెట్టె మీద ఏమని అచ్చేశారో గుర్తుందా? ఒక్క వెంట్రుక కూడా రాలదట. ఆ మాట నమ్మి తమరి మీద పోసిన డబ్బుతో మగ్గం వర్కు బ్లౌజు కుట్టించుకునేదాన్ని.

సరే, రాలడం సంగతి పక్కన పెడదాం. ఎందుకు రాలుతున్నారో నాకు తెలుసు. వెంట్రుకల మొదళ్ళని ఆ వెండిరంగు రేకు తొడుగులో జిగురు పెట్టి బిగిస్తారు. నీళ్ళు అందులోకి దిగి కూర్చుంటే జిగురు వదులైపోతుంది. అందుకే తమరిని ఎప్పుడూ తల కిందికి వంచే కడిగాను. తొడుగు దాకా నీళ్ళు రానివ్వలేదు. వేణ్ణీళ్ళు ముట్టించలేదు, అన్నీ గోరువెచ్చనివే. ముందు ఒక చుక్క నూనె పట్టించి ఫౌండేషన్ కరిగించి, ఆ తర్వాత చంటిపిల్లల షాంపూతో అరచేతిలో గుండ్రంగా తిప్పి, నురగ తెల్లగా వచ్చేదాకా కడిగి, పిండకుండా వేళ్ళతో నొక్కి, కుచ్చు సర్ది పడుకోబెట్టాను. గ్లాసులో నిటారుగా నిలబెట్టి ఆరబెట్టిన పాపం ఏనాడూ ఎరగను. మా అపార్ట్‌మెంట్ బోరు నీళ్ళకి నురగ రాదని తమరి కోసం మంచినీళ్ళ క్యాను కూడా ఖర్చు పెట్టాను.

ఇంత చేసినా తమరు ఆరరు.

ఇదీ నా బాధ. ఆరరు. బ్రష్షులు ఎలా కడగాలో చెప్పేవాళ్ళంతా చివర్లో ఒకే మాట అంటారు, "రాత్రి కడిగి పెట్టేయండి, పొద్దుటికి ఆరిపోతాయి" అని. ఏ ఊళ్ళో రాత్రండీ అది? ఎక్కడి పొద్దున? శ్రావణమాసంలో విశాఖపట్నానికి రమ్మనండి ఆ చెప్పేవాళ్ళని. లాసన్స్ బే కాలనీలో ఏ బాల్కనీకైనా తీసుకెళ్ళి, సోమవారం ఉతికిన జీన్స్ ప్యాంటు నడుం దగ్గర బుధవారం చెయ్యి పెట్టి చూడమనండి. ఇక్కడ కిటికీ ఊచలు తుప్పు పడతాయి, బీరువా తాళం తుప్పు పడుతుంది, అగ్గిపుల్ల వెలగదు, ఉప్పు డబ్బాలో ఉప్పు గడ్డ కడుతుంది. ఎండాకాలం వస్తే ఆరతాయిలే అనుకుంటే మే నెలలో ఒంటి మీద చెమటే ఆరదు. ఈ ఊళ్ళో వేలెడు మందాన దట్టంగా వెంట్రుకలు కూరిన తమరు పొద్దుటికి ఆరిపోతారా?

పైపైన తాకితే పొడిగానే ఉంటారు, ఆ నటన బాగా వచ్చు తమరికి. తొడుగు దగ్గర బొటనవేలితో నొక్కితే చల్లగా తగులుతుంది. ఇంకాస్త గట్టిగా నొక్కితే పాలరంగు నీళ్ళు ఓ బొట్టు బయటికొస్తుంది, నానిన వాసనతో. అంటే నేను వంద జాగ్రత్తలు పడి బయటినుంచి నీళ్ళు పోనివ్వకపోయినా, ఈ ఊరి గాలి తోడురాగా, తమరు లోపలి తడిని పట్టుకుని కూర్చుని, మెల్లిగా జిగురు నానబెట్టుకుని, చివరికి ఎవరో పెళ్ళికూతురి మూతి మీద రాలతారన్నమాట.

ముహూర్తాల సంగతి తమరికి చెప్పాలా? ఆషాఢమంతా నేను ఖాళీ. ఆరదలచుకుంటే అప్పుడు నెల రోజులు తీరిగ్గా ఆరొచ్చు, కానీ అప్పుడు తమరిని తడిపేవాళ్ళే లేరు. శ్రావణం రాగానే, గాలిలో తేమ నెత్తికెక్కిన రోజుల్లోనే, పంతుళ్ళు వరసపెట్టి లగ్నాలు పెడతారు. రాత్రి మధురవాడలో రిసెప్షను, తెల్లారుజామున గాజువాకలో పెళ్ళి. ఒక మొహానికి వాడింది కడక్కుండా ఇంకో మొహానికి పెట్టకూడదు, నేను పెట్టను. సొంత మొహానికి వాడుకునేవాళ్ళనే 7 నుంచి 10 రోజులకోసారి కడగమని అమెరికన్ అకాడమీ ఆఫ్ డెర్మటాలజీ చెబుతోంది, నాలా నలుగురి మొహాలు ముట్టుకునేవాళ్ళ సంగతి వేరే చెప్పాలా? కడిగితే ఆరవు. కడక్కపోతే పెళ్ళికూతురికి మొటిమలొస్తాయి, వాళ్ళ ఊళ్ళన్నీ నా పేరే చెప్పుకుంటాయి.

మధ్యలో స్పిరిట్ కొట్టి తుడవొచ్చు కదా అంటారు. అదీ చేస్తాను. 70 శాతం ఐసోప్రొపైల్ ఆల్కహాల్ చల్లి టిష్యూ మీద రుద్దితే నిమిషాల్లో పొడైపోతారు. పైన ఉన్న క్రిములు పోతాయి. మొదళ్ళలో గడ్డకట్టిన ఫౌండేషన్ మాత్రం కదలదు. హెయిర్ డ్రయ్యర్ పెడదామంటే వేడికి సింథటిక్ వెంట్రుకలు వంకర్లు తిరుగుతాయి, జిగురు ఇంకా మెత్తబడుతుంది. చల్లగాలి మీద పెడితే నా చెయ్యి నొప్పెట్టడమే గానీ తమరికి చీమ కుట్టినట్టయినా ఉండదు. మేడ మీద ఎండలో పెడితే పావురాలు. బట్టల క్లిప్పుతో తలకిందులుగా వేలాడదీస్తే, కరెంటు పోయి ఫ్యాను ఆగిన ప్రతిసారీ మొత్తం కథ మొదటికి.

రెండో సెట్టు కొనుక్కోవచ్చుగా అని ఉచిత సలహా ఇచ్చారు ఒకరు. కొన్నాను. ఇప్పుడు మా ఇంట్లో తడి సెట్లు రెండున్నాయి.

చివరికి తేలిందేమిటంటే, ఏసీ డ్రై మోడ్‌లో పెట్టి గది తలుపు మూస్తే గాలిలో తేమ లాగేస్తుంది, అప్పుడు తమరు కొంచెం కరుణిస్తారు. అందుకే ఆ గది తమరిది, కరెంటు బిల్లు నాది, హాల్లో ఉక్కపోతకి విసనకర్రతో కూర్చున్నది అమ్మ. ఆరాక కూడా తమరిని వదలడానికి లేదు, చెప్పుల పెట్టెల్లో వచ్చే సిలికా జెల్ పొట్లాలు ఏరి తెచ్చి తమరి పౌచ్‌లో పెట్టాలి. షాపువాడు వింతగా చూస్తాడు. చూస్తే చూశాడు.

వయసు సంగతి కూడా అడగాలి. ఫౌండేషన్ సీసా మీద మూత తెరిచిన డబ్బా బొమ్మ వేసి 12 ఎం అని రాస్తారు, తెరిచాక 12 నెలలని. మన రాష్ట్రంలో గవర్నమెంటు ఉద్యోగికి 62 ఏళ్ళకి రిటైర్‌మెంట్. తమరి కాడ మీద మాత్రం ఏ తేదీ ఉండదు. మేమే కనిపెట్టుకోవాలి. వెంట్రుకలు గుచ్చుకుంటున్నాయా, కుచ్చు విచ్చుకుపోయిందా, కడిగినా వాసన పోవట్లేదా, రాలుతున్నాయా? తమరిలో ఈ నాలుగూ ఉన్నాయి. అయినా పౌచ్‌లో మొదటి అర దిగరు.

తమరి పెట్టెలోనే ఊడిపడ్డ ఆ గుడ్డు ఆకారం స్పాంజి గురించి మాట్లాడను. కోసి చూశాను ఒకసారి, మధ్యలో నల్ల మచ్చలు. చెత్తబుట్టలో పడేసి చేతులు కడుక్కున్నాను. విసనకర్రలా పరుచుకుని ఉండే తమరి బంధువు ఫ్యాన్ బ్రష్షు ఎందుకు పుట్టాడో కూడా నాకింతవరకు అర్థం కాలేదు.

తమరి జాతికి పరువు లేదనడం లేదు. జపాన్‌లో హిరోషిమా జిల్లాలో కుమానో అని ఒక ఊరుంది. తరాలుగా కుంచెలు చేయడమే ఆ ఊరి పని, ముందు రాత కుంచెలు, తర్వాత మేకప్ కుంచెలు. వెంట్రుక కొస కత్తిరించకుండానే కుచ్చుకి ఆకారం తెస్తారు. 2011లో ప్రపంచకప్ గెలిచిన ఆడపిల్లల ఫుట్‌బాల్ జట్టుకి అక్కడి ప్రభుత్వం బహుమతిగా ఇచ్చినవి ఆ బ్రష్షులే. పిల్లలు గోల్స్ కొడితే దేశం బ్రష్షులిచ్చి గౌరవించింది. ఇక్కడ తమరు పెళ్ళికూతురికి మీసం పెట్టి నాకు గౌరవం తెచ్చారు. ఆ మధ్య ఒక పెళ్ళిలో నాయనమ్మగారు తమరిని చూసి "ఇదేం జంతువు జుట్టు?" అని అడిగితే, "జంతువు కాదండీ, నైలాను" అని తమరి శీలానికి హామీ కూడా ఇచ్చాను. అందుకా ఇది?

ఇక చాలు. ఒరేయ్, నీకు నేనేం తక్కువ చేశానురా? ఎంతమంది చేతులు నిన్ను ముట్టుకోబోతే "అది నాది, ముట్టుకోకండి" అని లాక్కున్నానో తెలుసా? నిన్ను కడిగీ కడిగీ నా గోళ్ళు మెత్తబడ్డాయి. నిద్ర మధ్యలో లేచి నువ్వు ఆరావో లేదో నొక్కి చూసుకుని పడుకున్నాను. ఆరి చావు! ఒక్క రాత్రి, ఒక్క ముహూర్తానికి ముందు, మనిషి అవసరం తెలుసుకుని ఆరి చావొచ్చుగా!

...క్షమించండి. నోరు జారింది.

ఎందుకింత కోపమంటే, తమరు పొడిగా ఉన్న రోజున తమరికి సాటి ఇంకొకటి లేదు. నుదుటి దగ్గర జుట్టు మొదలయ్యే చోట, ముక్కు పక్కన మడతలో, ఫౌండేషన్ ఎక్కడ ఆగిందో చర్మం ఎక్కడ మొదలైందో నాకే తెలియకుండా కలిపేస్తారు. చామనఛాయ పిల్లని సున్నం కొట్టినట్టు తెల్లగా చేయమని అడిగే అత్తగార్ల ముందు, ఆ పిల్ల రంగులోనే ఆ పిల్లని మెరిపించింది తమరే. కొత్తగా తెప్పించినవాడికి ఆ చెయ్యి ఇంకా రాలేదు. వాడు పలచగా ఉంటాడు, తొందరగా ఆరతాడు, పని మాత్రం అంతంతే.

కాబట్టి తమరిని పారేయడం లేదు. వరలక్ష్మీ వ్రతం దగ్గరపడింది, కుందుల సందుల్లో చిలుం పట్టిందని, మెత్తటి బ్రష్షేదైనా ఉంటే ఇమ్మని అమ్మ అడుగుతోంది. రేపటి నుంచి తమరి ఉద్యోగం పూజగదిలో. ఆవిడ చింతపండు పెట్టి తోముతుంది. చంటిపిల్లల షాంపూ, టర్కీ తువ్వాలు, ఏసీ ఆవిడ దగ్గర అడక్కండి, తిడుతుంది.

ఇట్లు,
తమరి బిల్లులు కట్టిన మనిషి