మసిగుడ్డ, చేతిరుమాలు, బకెట్టు

1997 నాటి బ్రిటన్‌ను అర్థం చేసుకోవాలని చరిత్రకారులు ఎన్నికల ఫలితాలూ, బడ్జెట్ లెక్కలూ తిరగేస్తుంటారు. పాపం, దండగ శ్రమ. ఆ కాలమంతా ఇంటి సామానులోనే ఉంది.

ముందు మసిగుడ్డ. ఆ ఫిబ్రవరిలో బ్రిట్ అవార్డులకు (బ్రిటన్ సంగీత పురస్కారాలు) వేసుకోవాల్సిన నల్ల గౌను, స్పైస్ గర్ల్స్ అనే పాప్ బృందంలోని జెరీ హాలివెల్‌కు చప్పగా కనిపించింది. గిన్నెలు తుడిచే గుడ్డ మీద బ్రిటన్ జెండా యూనియన్ జాక్ ఉంది. దాన్ని అక్క చేత గౌను ముందువైపు కుట్టించుకుంది. దేశ గౌరవం నిలబెట్టడానికి నౌకాదళం కావాలని అప్పటిదాకా పొరబడ్డారు. సూదీ దారం చాలట.

మే నెలలో లేబర్ పార్టీ నేత టోనీ బ్లెయిర్ ఎన్నికల్లో గెలిచారు. జులై 30న ప్రధాని నివాసం డౌనింగ్ స్ట్రీట్‌లో విందు. ఒయాసిస్ అనే రాక్ బృందానికి చెందిన నోయెల్ గాలగర్, చేత షాంపేన్ గ్లాసుతో, ప్రధానితో ముచ్చటిస్తున్న ఫొటో చూడండి. సంబంధం ఖాయమైన వియ్యంకుల్లా ఉంటారు ఇద్దరూ. కట్నం ఎవరు ఎవరికిచ్చారో మాత్రం తేలదు. (సినిమావాళ్లు లేని ఎన్నికల సభను ఊహించలేని మనం దీనికి నవ్వకూడదు.)

అక్టోబరులో చేతిరుమాలు. బ్రిటిష్ ఎయిర్‌వేస్ తన విమానాల తోకల మీద జెండా తీసేసి రకరకాల దేశాల చిత్రాలు వేయించింది. కన్సర్వేటివ్ పార్టీ మహాసభలో ఆ నమూనా విమానం చూసిన మాజీ ప్రధాని మార్గరెట్ థాచర్, తోకకు తన రుమాలు కప్పేశారు. మసిగుడ్డ మీద జెండా ఉండొచ్చు గానీ విమానం మీద లేకపోతే ఎలా!

ఇక బకెట్టు. ఇది నిజంగా విలువైన వస్తువు. 1998 ఫిబ్రవరి 9, మళ్లీ బ్రిట్ అవార్డులే. పాటల పండగలో ఉప ప్రధానికేం పని అని అడక్కండి, అప్పట్లో అదే ప్రభుత్వం పని. జాన్ ప్రెస్కాట్ టేబుల్ దగ్గర కూర్చుని ఉండగా, చుంబవంబా అనే సంగీత బృందంలోని డాన్‌బర్ట్ నోబేకన్ వచ్చి ఆయన మీద ఐసు నీళ్లు కుమ్మరించాడు. లివర్‌పూల్ రేవులో 1995లో పనులు పోయిన కార్మికుల్ని లేబర్ ప్రభుత్వం గాలికొదిలేసిందని కోపం. ప్రెస్కాటేమో ఒకప్పుడు ఓడల్లో స్టూవార్డు, నావికుల యూనియన్‌లో పోరాడిన మనిషి. షాంపేన్ నుంచి చన్నీళ్లకు ఆరు నెలల పది రోజులు పట్టింది.

ఆ మే నెలాఖరుకి జెరీ బృందాన్ని వదిలేసింది. సెప్టెంబరులో సదబీస్ అనే వేలం సంస్థలో మసిగుడ్డ గౌను వేలానికొచ్చింది. పాటతో వెలిగిన జెండా, పాటలోనే పోయింది: 41,320 పౌండ్లు. పాడుకున్నది లాస్ వేగాస్‌లోని ఒక హోటల్.