వెంకయ్య గుడిసె నుంచి పాలాన్ వంటగది దాకా

మృణాల్ సేన్ తెలుగులో తీసింది ఒకే ఒక్క సినిమా, 1977లో వచ్చిన ‘ఒక ఊరి కథ’. భాష రాకపోయినా ప్రేమ్‌చంద్ ‘కఫన్’ కథను తెలంగాణ పల్లెకు తెచ్చారు. బెంగాలీ దర్శకుడు ఒకసారి ఇటు వచ్చి వెళ్లాడని దాన్ని దాటేస్తుంటారు. 1955 నుంచి 2002 దాకా సాగిన ఆయన ప్రయాణం మలుపు తిరిగింది ఇక్కడేనని నా నమ్మకం.

అంతకు ముందు ఆయన కోపం ఎక్కువగా బయటివారి మీద. 1969లో ఫిల్మ్ ఫైనాన్స్ కార్పొరేషన్ ఇచ్చిన కొద్దిపాటి డబ్బుతో ‘భువన్ షోమ్’ తీసి మెప్పించారు. మరొకరైతే అదే దారిలో ఇంకో నాలుగు తీసేవారు. సేన్ మాత్రం నక్సల్బరీ సెగతో ఉడుకుతున్న కలకత్తా వీధుల్లోకి నడిచారు. ‘ఇంటర్వ్యూ’లో సూటు దొరకక ఉద్యోగం పోగొట్టుకున్న యువకుడు దుకాణం అద్దం పగలగొట్టి, లోపలి బొమ్మకు తొడిగిన సూటును పీకి పారేస్తాడు. ‘పదాతిక్’ వచ్చేసరికి ప్రశ్న సొంత వామపక్ష శిబిరం నాయకత్వం మీదికీ మళ్లింది.

ఇక ‘ఒక ఊరి కథ’లోని వెంకయ్య. ఒళ్లు వంచితే లాభపడేది ఆసామే కాబట్టి పని మానేయడమే సరైనదంటాడు. ఆ వాదనకు బదులు చెప్పడం కష్టం. కానీ అదే గుడిసెలో కోడలు నీలమ్మ రెక్కలు ముక్కలు చేసుకుంటుంది, చివరికి పురిటి నొప్పులతో ప్రాణం విడుస్తుంది. వెంకయ్య మాట నిజం. అతని పంతానికి ఆమె బలైందన్నదీ అంతే నిజం. తన పక్షం మనిషినే ఇంత నిర్దాక్షిణ్యంగా చూడగలిగాక, సేన్‌కు మిగిలింది తన సొంత మధ్యతరగతే.

‘ఏక్ దిన్ ప్రతిదిన్’ (1979)లో ఇంటిని పోషించే కూతురు ఒక రాత్రి ఇంటికి రాదు. తెల్లవారుజామున వస్తుంది. ఎక్కడికి వెళ్లిందో సినిమా చెప్పదు. చెప్పి ఉంటే మనమూ ఆ ఇంటివాళ్లలాగే ఊపిరి పీల్చుకుని మరిచిపోయేవాళ్లం.

1983లో కాన్ చలనచిత్రోత్సవంలో జ్యూరీ బహుమతి పొందిన ‘ఖారిజ్’ నన్ను ఎక్కువగా వెంటాడుతుంది. పనికి పెట్టుకున్న పాలాన్ అనే పిల్లవాడు చలికి ఓర్వలేక వంటగదిలో బొగ్గుల పొయ్యి పక్కన పడుకుంటాడు. గాలి ఆడని ఆ గదిలో విషవాయువుకు చనిపోతాడు. యజమానులు దుర్మార్గులు కారు, చదువుకున్నవారు, మన పక్కింటివారిలాంటివారు. పోలీసులు ఏమంటారో, ఇరుగుపొరుగు ఏమనుకుంటారో అని వాళ్ల భయం. దహనం ముగిశాక పాలాన్ తండ్రి తిరిగి వస్తాడు. కొడతాడేమోనని ఇల్లంతా బిగుసుకుపోతుంది. అతను యజమాని ఎదుట నిలబడి చేతులు జోడిస్తాడు, సెలవు తీసుకుని వెళ్లిపోతాడు.