ఫస్ట్ బేస్ కోచ్ పెట్టె గారికి ఒక విన్నపం

మహారాజశ్రీ ఫస్ట్ బేస్ కోచ్ పెట్టె గారి దివ్య సముఖమునకు,

ఉభయకుశలోపరి. ఇక్కడ మేమంతా క్షేమం. అక్కడ బేస్‌బాల్ మైదానంలో, మొదటి బేస్ పక్కన కోచ్ నిలబడేందుకు గీసిన తమరి తెల్ల గీతలు తొమ్మిది ఇన్నింగ్స్‌లలో కనీసం రెండోదాని దాకానైనా క్షేమంగా ఉంటున్నాయని తలుస్తాను. ఇరవై అడుగుల పొడవు, పది అడుగుల వెడల్పు అని రూల్ పుస్తకంలో తమరి కొలతలు ఘనంగా అచ్చేశారు. అయినా ఏళ్ల తరబడి మ్యాచ్ మొదలైన కాసేపటికే కోచ్ గారు బూటుతో ఆ గీతల్ని చెరిపేసి తనకు నచ్చిన చోట నిలబడేవాడు. అంపైర్ చూసేవాడు, ఏమీ అనేవాడు కాదు. అవతలి జట్టు ఫిర్యాదు చేస్తేనే తమరు ఉన్నట్టు లెక్కగా ఉండేది. ఇంతటి రాజ్యాంగ హోదా మా ఊళ్లలో కొన్ని జీబ్రా క్రాసింగులకు తప్ప ఇంకెవరికీ లేదు.

విషయానికి వస్తాను. తమరి దగ్గరకు ఎవరిని పంపుతారు? చాలాసార్లు ఔట్‌ఫీల్డర్‌ని. అంటే గాల్లోకి లేచిన బంతి వెనక పడి అంత పెద్ద మైదానాన్ని చుట్టబెట్టే ముగ్గురిలో ఒకణ్ణి. కాళ్లే అతని ఆస్తి. ఆ కాళ్లు ముప్పై దాటాక మొరాయిస్తాయి. అప్పుడు తమరు చేతులు చాచి పిలుస్తారు: "రా నాయనా, ఇన్నాళ్లూ పరిగెత్తింది చాలు, ఇక నిలబడు." పైగా జట్టు యూనిఫాం వేసుకునే నిలబడాలని రూలు! క్రికెట్ కోచ్ చల్లని గదిలో ల్యాప్‌టాప్ ముందు కూర్చుంటాడు. ఈయనేమో అరవై ఏళ్లొచ్చినా బిగుతు ప్యాంటు, బెల్టు, నంబరున్న చొక్కా వేసుకుని ఎండలో నిలబడాలి.

ఆంటోన్ రిచర్డ్‌సన్ అనే మనిషి తమరికి బాగా పరిచయమే. ఆయన తరఫునే ఈ లేఖ రాస్తున్నాను. ఆయన నాకు వకాల్తా ఏమీ ఇవ్వలేదు, ఇమ్మని నేను అడగనూ లేదు.

పుట్టింది బహామాస్‌లోని నసావులో. 2005 డ్రాఫ్ట్‌లో, అంటే జట్లు కొత్త కుర్రాళ్లను వంతులవారీగా ఎంచుకునే చోట, శాన్ ఫ్రాన్సిస్కో జెయింట్స్ 35వ రౌండ్లో తీసుకుంది. 35వ రౌండ్ అంటే పిలుపు వచ్చేసరికి పెద్ద ఆటగాళ్ల ఇళ్లలో మిఠాయిలు పంచడం కూడా అయిపోయి ఉంటుంది. ఆ తర్వాత ఏళ్ల తరబడి కింది స్థాయి మైనర్ లీగ్ బస్సులు. 2011లో అట్లాంటా బ్రేవ్స్‌తో మేజర్ లీగ్‌లో అడుగు పెట్టాడు. 2014లో న్యూయార్క్ యాంకీస్‌తో ఇంకొన్ని మ్యాచ్‌లు. మొత్తం కలిపితే 22. మేజర్ లీగ్‌లో ఒక్క సీజన్‌కే 162 మ్యాచ్‌లు ఉంటాయి, అందులో నెల రోజుల ఆట కూడా కాదు.

ఆ 22లో ఒకటి మాత్రం అమెరికాలో ఆట తెలిసిన ప్రతివాడూ చూశాడు. 2014 సెప్టెంబర్ 25. యాంకీ స్టేడియంలో యాంకీస్ కెప్టెన్ డెరెక్ జీటర్‌కు అదే ఆఖరి మ్యాచ్. బాల్టిమోర్ ఓరియోల్స్ తొమ్మిదో ఇన్నింగ్స్‌లో స్కోరు సమం చేసి అందరికీ టెన్షన్ పెట్టారు. యాంకీస్ వంతు వచ్చింది. (ఈ ఆటలో మూడు బేస్‌లు దాటి, బ్యాటర్ నిలబడే హోమ్ ప్లేట్‌కు తిరిగొస్తే ఒక పరుగు.) మొదటి బ్యాటర్ బేస్ చేరగానే అతని బదులు పరిగెత్తడానికి రిచర్డ్‌సన్‌ను దించారు. బ్రెట్ గార్డ్‌నర్ బంట్ చేసి, అంటే బంతిని మెల్లగా తట్టి, అతన్ని రెండో బేస్‌కు పంపాడు. తర్వాత జీటర్ మొదటి బంతికే కుడివైపు కొట్టాడు. రిచర్డ్‌సన్ మూడో బేస్ మలుపు తిరిగి, తల ముందుకు పెట్టి హోమ్ ప్లేట్ మీదకు దూకాడు. 6-5. స్టేడియం దద్దరిల్లింది. కెమెరాలన్నీ ఎక్కడున్నాయంటారా? రెండు చేతులూ పైకెత్తి గెంతుతున్న జీటర్ మీద! పరిగెత్తి పరుగు తెచ్చినవాడు ఒళ్లంతా మట్టితో లేచి నిలబడ్డాడు. సొమ్మొకడిది, సోకొకడిది. ఆ సీజన్ తర్వాత ఆయన మేజర్ లీగ్‌లో మళ్లీ ఆడలేదు.

ఇంత తర్ఫీదు పొందిన మనిషి తమరికి దొరక్కుండా ఎక్కడికి పోతాడు? 2020లో జెయింట్స్ ఆయన్ను తమరికే అప్పగించింది.

తమరి దగ్గర ఉద్యోగం ఏమిటో చూద్దాం. బ్యాటర్ మొదటి బేస్ చేరగానే మోచేతి కవచం విప్పి ఇస్తాడు. కోచ్ పుచ్చుకుంటాడు. కాలి కవచం, బ్యాటింగ్ గ్లోవ్స్ కూడా పుచ్చుకుంటాడు. ఒక పెద్దమనిషి జాగ్రత్తగా వీపు తట్టి, చెవిలో ఏదో చెప్పి, సామాన్లు మోసుకుంటూ పక్కకు తప్పుకుంటాడు. తోటి పెళ్లికొడుకు చేసే పనే ఇది, కాకపోతే ఇక్కడ భోజనాలు లేవు.

చెవిలో చెప్పిన ఆ మాటలోనే అసలు విద్యంతా ఉంది. కోచ్ చేతిలో స్టాప్‌వాచ్ ఉంటుంది. బంతి వేసే పిచర్ కదిలిన క్షణం నుంచి, బంతి బ్యాటర్ వెనకున్న క్యాచర్ గ్లోవ్‌లో పడేదాకా సుమారు 1.3 సెకన్లు. క్యాచర్ పట్టి రెండో బేస్‌కు విసరడానికి సుమారు 2 సెకన్లు. పిచర్ బంతి వేస్తుండగానే తర్వాతి బేస్‌కు దూసుకెళ్లడాన్ని స్టీల్ అంటారు. దానికి రన్నర్‌కు మిగిలేది ఈ మూడు సెకన్ల చిల్లర. పిచర్ భుజం ముందు కదులుతుందా, మడమ ముందు లేస్తుందా, ఏ బంతి వేసేముందు తల ఎటు తిప్పుతాడు అన్నది కోచ్ గంటల తరబడి వీడియోలు చూసి పట్టుకోవాలి. రన్నర్ సేఫ్ అయితే స్టీల్ రన్నర్ ఖాతాలో పడుతుంది. ఔటైతే జట్టు కూర్చునే డగౌట్‌లో నలుగురూ కోచ్ వైపు చూస్తారు. బేస్‌బాల్‌లో బంతి నిమిషానికి ఎన్నిసార్లు తిరిగిందో కూడా లెక్కపెట్టి రాసుకుంటారు. తమరి అద్దెదారుడి పేరు మీద మాత్రం ఒక్క అంకె ఉండదు.

తమరి పేరు దేశమంతా మోగింది కూడా ఎప్పుడనుకున్నారు? 2022 ఏప్రిల్ 12న. అవతలి జట్టు డగౌట్‌తో మాటామాటా వచ్చి, అంపైర్ రిచర్డ్‌సన్‌ను మైదానం నుంచి పంపేశాడు. ఆయన స్థానంలో అలిస్సా నాకెన్ వచ్చి నిలబడింది. మేజర్ లీగ్ మ్యాచ్‌లో మైదానంలో కోచ్‌గా నిలిచిన మొదటి మహిళ ఆమే. అవతలి ఫస్ట్ బేస్‌మన్ చెయ్యి కలిపాడు, ప్రేక్షకులు చప్పట్లు కొట్టారు. ఆమె ఆ చప్పట్లకు అన్నివిధాలా అర్హురాలు. కానీ తమరి చరిత్ర గమనించండి. రిచర్డ్‌సన్ లోపల నిలబడినన్నాళ్లూ ఎవరికీ పట్టలేదు. ఆయన బయటికి పోయాకే తమరు వార్తల్లోకి ఎక్కారు.

వెక్కిరింత కాసేపు పక్కన పెట్టి ఒక్క మాట. 2007 జులైలో ఆర్కాన్సాలో ఒక మైనర్ లీగ్ మ్యాచ్ జరుగుతుండగా, తమరి గీతల దగ్గరే నిలబడిన మైక్ కూల్‌బా అనే కోచ్‌కు ఫౌల్ బంతి, అంటే బ్యాట్‌కు తగిలి గీత బయటికి దూసుకొచ్చిన బంతి, తగిలింది. ప్రాణం పోయింది. వయసు 35. ఆ ఉద్యోగంలో చేరి నెల కూడా కాలేదు. మరుసటి ఏడాది నుంచి బేస్ కోచ్‌లకు హెల్మెట్ తప్పనిసరి చేశారు. అంతకుముందు వందేళ్ల పైగా బంతి ఇంతే గట్టిగా ఉండేది. అప్పుడు వాళ్ల తలలకు కాపలా వట్టి గుడ్డ టోపీ.

సరే, 2025కు వద్దాం. అప్పటికి రిచర్డ్‌సన్ న్యూయార్క్ మెట్స్‌లో ఉన్నాడు. అదే జట్టు 15 ఏళ్లకు 76.5 కోట్ల డాలర్లిచ్చి హువాన్ సోటోను తెచ్చుకుంది. సోటో బ్యాట్ గురించి ఎవరికీ అనుమానం లేదు. కాళ్లంటారా, ఆయన్ను చూసి చిరుత అని ఎవరూ అనరు. అంతకుముందు ఏ సీజన్‌లోనూ 12కు మించి స్టీల్స్ లేవు. 2025లో 38! మేజర్ లీగ్‌లోని రెండు విభాగాల్లో ఒకటైన నేషనల్ లీగ్‌లో అంతకంటే ఎక్కువ ఎవరికీ రాలేదు. 2023లో బేస్‌లను 15 అంగుళాల నుంచి 18 అంగుళాలకు పెంచారు, పిచర్ ఊరికే రన్నర్ వైపు తిరిగి విసరకుండా పరిమితి పెట్టారు, అది కొంత సాయమే. కానీ ఆ రూళ్లు 2023, 2024లలో కూడా ఉన్నాయి కదా. అప్పుడు రాని వేగం కాళ్లకు ఇప్పుడెలా వచ్చింది? రాలేదు. వచ్చింది సమయం తెలియడం. అది నేర్పింది తమరి పక్కన కవచాలు పట్టుకుని నిలబడిన మనిషి. ఆ మాట సోటోయే చెప్పాడు.

ఇంత చేశాక మెట్స్ ఆయన్ను పల్లకీలో ఊరేగించిందా? సీజన్ అయిపోయాక ఆయన బ్రేవ్స్‌కు వెళ్లిపోయాడు. 2011లో తనను మొదటిసారి మేజర్ లీగ్‌లో ఆడించిన జట్టుకే. కొత్త ఊరు, కొత్త చొక్కా, అవే ఇరవై అడుగులు.

అందుచేత నా విన్నపం. స్కోరు కార్డులో ఫస్ట్ బేస్ కోచ్‌కు ఒక గడి పెట్టించండి. సేఫ్ అయిన ప్రతి స్టీల్‌కూ సగం మార్కు వేయించండి. ఔటైతే సగం కోసేయండి, మేం కాదనం. ఇవేవీ కుదరకపోతే కనీసం ఆ కవచాలు పెట్టుకోవడానికి ఒక కొక్కెమైనా వేయించండి.

తమరు వినకపోతే మా దగ్గర ఇంకో దారి ఉంది, బెదిరింపు అనుకోకండి. డాలస్ పక్కన గ్రాండ్ ప్రెయిరీలో తమరి బంధువొకరు ఒక బేస్‌బాల్ స్టేడియంలో ఉండేవారు. ఇప్పుడక్కడ పిచ్ వేసి, 2023 నుంచి మేజర్ లీగ్ క్రికెట్ ఆడుతున్నారు. చుట్టుపక్కల మా తెలుగువాళ్లు చాలామందే ఉన్నారు.

మూడో బేస్ దగ్గరున్న తమరి అన్నగారిని అడిగానని చెప్పండి. రన్నర్ హోమ్ దగ్గర ఔటైనప్పుడల్లా ఆయన అద్దెదారుడికి పడే తిట్లు చూస్తే తమరే నయమనిపిస్తోంది.

ఇట్లు,
టీవీలో జీటర్‌ను కాక రన్నర్‌ను చూసినవాడు