తన పేపర్ తనే దిద్దుకుంటే

కోపం ఎలా ఆపుకోవాలి, పక్కనోడు ఏడుస్తుంటే ఏం చేయాలి, ఆటలో చేర్చుకోకపోతే ఎలా అడగాలి, ఇవి పిల్లలకి నేర్పే ప్రోగ్రామ్‌లు తయారుచేయడమే పనిగా పెట్టుకున్న రీసెర్చ్ కంపెనీలు ఉన్నాయి. సైకాలజిస్టులు, గేమ్ డిజైనర్లు, లెక్కలు చూసేవాళ్లు ఒకచోట కూర్చుని పాఠం రాస్తారు, దాన్ని కంప్యూటర్ గేమ్ చేస్తారు, కొన్ని స్కూళ్లలో పెట్టి చూస్తారు, పనిచేసిందని పేపర్ రాస్తారు, ఆ తర్వాత అమ్ముతారు. పని అవసరమైనదే, గోడ మీద మంచి మాటల పోస్టర్ అంటించి ఊరుకోవడం కంటే చాలా నయం. మా పేచీ అంతా ఆ పరీక్ష పేపర్ ఎవరు దిద్దుతున్నారన్న దగ్గరే, అంటే ప్రోగ్రామ్ పనిచేసిందో లేదో తయారుచేసినవాళ్లే తేల్చుకోవడం దగ్గరే.

ముందు వాళ్ల వైపు ఉన్న బలం చెప్పుకుందాం. ఇలాంటి పాఠాలకి సోషల్ అండ్ ఎమోషనల్ లెర్నింగ్ అనే పేరు 1994లో, అమెరికాలో వీటిని ప్రోత్సహించే క్యాసెల్ సంస్థ పుట్టినప్పటి నుంచి వాడుకలో ఉంది. 2011లో వచ్చిన ఒక స్టడీలో 213 ప్రోగ్రామ్‌ల ఫలితాలు, అంటే 2,70,034 మంది పిల్లల లెక్క, ఒకచోట పోగేసి చూస్తే ఈ క్లాసులు ఉన్న పిల్లలు చదువులో కూడా సగటున 11 పర్సంటైల్ పాయింట్లు (అంటే వందమందిని మార్కుల వరసలో నిలబెడితే 11 స్థానాలు) ముందున్నారు. ప్రతి బ్రోషర్‌లో ఈ 11 కనిపిస్తుంది. అదే స్టడీలో ఇంకో అంకె కూడా ఉంది, కనీసం ఆరు నెలలు ఆగి మళ్లీ కొలిచి చూసినవి ఆ 213లో 33 మాత్రమే. బ్రోషర్‌లో దీనికి చోటు చాలదు కాబోలు.

బయటివాళ్లు కొలిచినప్పుడు కథ కొంచెం మారుతుంది. అమెరికా విద్యాశాఖ పరిశోధనా విభాగం ఇలాంటివే ఏడు ప్రోగ్రామ్‌లని 84 స్కూళ్లలో మూడేళ్లు పెట్టి చూసి 2010లో రిపోర్ట్ ఇచ్చింది, సగటున చూస్తే పిల్లల ప్రవర్తనలో గానీ చదువులో గానీ మెరుగు లేదని తేల్చింది. బ్రిటన్‌లో మైండ్‌ఫుల్‌నెస్ (ఆ క్షణం మీద ధ్యాస నిలపడం) క్లాసుల మీద 8 వేలకు పైగా పిల్లలతో జరిగిన పెద్ద ట్రయల్ 2022లో బయటికొచ్చింది, మామూలుగా స్కూల్లో చెప్పే పాఠాల కంటే ఇది మెరుగేం కాదని అందులో తేలింది, ఇంటి దగ్గర ప్రాక్టీస్ చేయమంటే చాలామంది పిల్లలు చేయనే లేదట (పిల్లలు కదా మరి, హోంవర్క్ ఏదైనా హోంవర్కే). లెక్కలు, చదవడం నేర్పే ప్రోగ్రామ్‌ల మీద 2020లో వచ్చిన ఒక పరిశీలన కూడా ఇదే దారిలో ఉంది, తయారుచేసినవాళ్లు చేయించిన స్టడీల్లో లాభం ఇండిపెండెంట్ స్టడీల్లో కంటే బాగా ఎక్కువ కనిపించింది.

దీన్ని మోసం అనలేం. తయారుచేసినవాళ్లు దగ్గరుండి చేయిస్తే టీచర్ ట్రైనింగ్ బాగా జరుగుతుంది, ఒక్క పాఠం కూడా మిస్సవదు, అదే మామూలు స్కూల్లో సిలబస్ వెనకబడిందనగానే మొదట కోత పడేది ఈ పీరియడ్‌కే. పైగా కొలత కూడా మెత్తనిది. క్లాస్ చెప్పిన టీచర్‌నే పిల్లాడు మారాడా అని ఫారం నింపమంటే ఇన్ని వారాలు కష్టపడిన మనిషి లేదు అని ఎలా రాస్తారు? గేమ్‌లో పిల్ల సరైన బటన్ నొక్కితే స్కోర్ వస్తుంది సరే, స్క్రీన్ మీద బొమ్మకి సారీ చెప్పడం వేరు, లంచ్ బ్రేక్‌లో అందరూ చూస్తుండగా తనని ఎక్కిరించిన పిల్ల ముందు నోరు అదుపులో పెట్టుకోవడం వేరు. సరైన జవాబు ఏదో చాలామంది పిల్లలకి ముందే తెలుసు, ఆ క్షణంలో అది చేతికి రాదు, అంతే.

డబ్బు దారి కూడా చూడాలి. అమెరికాలో ఇలాంటి చిన్న కంపెనీలకి 1982 చట్టంతో వచ్చిన ఫెడరల్ రీసెర్చ్ గ్రాంట్లు దొరుకుతాయి. మొదటి దశలో ఐడియా నిలబడుతుందా అని చూడటానికి, రెండో దశలో తయారీకి డబ్బిస్తారు, మూడో దశలో మార్కెట్‌కి వెళ్లాలి, దానికి ఆ స్కీమ్ డబ్బు ఉండదు. అంటే రెండో దశ చివర్లో రిజల్ట్ "పనిచేయలేదు" అని వస్తే మూడో దశలో అమ్మడానికి ఏమీ ఉండదు. ఎంత నిజాయితీపరుడికైనా ఇది ఇరకాటమే. ప్రభుత్వం రెండు దశలకి డబ్బిచ్చి, కంపెనీతో సంబంధం లేని వాళ్లతో ఏడాది తర్వాత మళ్లీ కొలిపించడానికి మాత్రం విడిగా కొంత పక్కన పెట్టకపోతే ఎలా అని మా ప్రశ్న.

ఇంకోటి, దీని గురించి ఎవరూ పెద్దగా మాట్లాడట్లేదు. ఇలాంటి గేమ్ పిల్లాడి ప్రతి క్లిక్‌నీ రాసుకోగలదు, తొమ్మిదేళ్లకే "ఆవేశం అదుపు తక్కువ" అని ఒక స్కోర్ ఎక్కడో సర్వర్‌లో పడుంటుంది. రేపు ఆ కంపెనీని ఇంకొకరు కొనుక్కుంటే ఆ స్కోర్ ఎవరి చేతికి పోతుంది? లెక్కల్లో తక్కువ మార్కులొస్తే వచ్చే ఏడు దిద్దుకోవచ్చు, స్వభావం మీద వేసిన ముద్ర అంత తేలిగ్గా పోదు. కొనే స్కూళ్లు కాంట్రాక్ట్‌లోనే రాయించుకోవాలి, ఏడాది అయ్యాక పిల్లల పేరుతో ఉన్న స్కోర్లన్నీ చెరిపేయాలని, చెరిపేశామని రాతపూర్వకంగా ఇవ్వాలని. దానికి ఒప్పుకోని కంపెనీ ప్రోగ్రామ్ ఎంత బాగున్నా కొనొద్దు.