ఆపరేషనల్ కారణాలు గారికి

మహారాజశ్రీ ఆపరేషనల్ కారణాలు గారికి, శంషాబాద్ విమానాశ్రయంలో ఐదు గంటలు మీ ఆతిథ్యం పొందిన ప్రయాణికుడు నమస్కరించి రాయునది.

పొద్దున 8:15కి విశాఖలో మా మేనకోడలి నిశ్చితార్థం. మేనమామనైన నేను ఈ ఉత్తరం సూర్యాపేటలో, బస్సులో కూర్చుని రాస్తున్నాను. బోర్డు మీద నా విమానం సాయంత్రం 5:40 కాస్తా 7:10 అయింది, అది 9:25 అయింది, తర్వాత ఎర్రక్షరాల్లో 'రద్దు', పక్కనే మీ దర్శనం. ఈలోగా గోదావరి ఎక్స్‌ప్రెస్ కాజీపేట దాటేసింది. చల్లటి సాండ్‌విచ్ ఇచ్చారు, దాని గురించి మాట్లాడను.

కౌంటర్‌లో అమ్మాయిని కారణం ఏంటమ్మా అనడిగాను. 'ఆపరేషనల్ సార్' అంది. అంటే? 'అదే సార్, ఆపరేషనల్.' పాపం, ఆ పిల్లకీ మీ పేరే తెలుసు, ఊరు తెలీదు.

నాకు కొంచెం తెలుసులెండి. పైలట్ల వారపు విశ్రాంతి 36 గంటల నుంచి 48కి పెంచుతున్నామని విమానయాన నియంత్రణ సంస్థ డీజీసీఏ 2024 జనవరిలోనే చెప్పింది. 2025 నవంబరు 1కి నియమాలన్నీ అమల్లోకి వచ్చాయి. డిసెంబరులో దేశమంతా వేల ఇండిగో విమానాలు రద్దు! దాదాపు రెండేళ్లు టైమిస్తే పైలట్లను తీసుకోలేకపోయారా? పైగా ఆఖరికి డీజీసీఏ సెలవిచ్చింది పైలట్లకు కాదు, రాత్రి డ్యూటీ నియమాలకు, 2026 ఫిబ్రవరి దాకా. అప్పుడు కూడా ముందు వినబడింది మీ పేరే.

పరిహారం ఉందంటారు. గంట దాటి రెండు గంటల్లోపు ప్రయాణానికి 7,500 లేదా మూల ఛార్జీ, ఇంధన ఛార్జీ కలిపినంత, ఏది తక్కువైతే అది. కానీ 'మా చేతుల్లో లేని పరిస్థితులు' అనే మీ అన్నగారు వెంట వస్తే అదీ హుళక్కే.

పోనీ వేరేవాళ్ల దగ్గరికి పోదామా? కింగ్‌ఫిషర్, జెట్, గో ఫస్ట్ మూతపడ్డాయి, విస్తారా ఎయిరిండియాలో కలిసిపోయింది. ఇప్పుడు దేశంలో పదిమంది ఎగిరితే తొమ్మిదిమంది రెండు గ్రూపుల సీట్లలోనే. అందుకే కదా మీకంత ధీమా! ఒక్క ముక్క నిజం చెబితే ఏం పోతుందయ్యా? పైలట్ లేడని చెప్పు, లేదా విమానం పాడైందని చెప్పు. సాయంత్రమే చెప్పుంటే రైలెక్కేవాణ్ణి!

ఇప్పుడే బస్సు ఆగింది. డ్రైవరు లోపలికొచ్చి, 'వెనక టైరు పోయింది సార్, ముప్పావుగంట పడుతుంది, దిగి టీ తాగండి' అన్నాడు. ఒక్కరూ గొడవ చేయలేదు.